తలరాత ఎవరు రాస్తారు?

మన భాషలో పేదవాడి కోసమే పుట్టినట్టు కనిపించే మాటలు కొన్ని ఉన్నాయి. వాటిలో ముందు చెప్పవలసింది "తలరాత". పంట ఎండినా తలరాతే, బిడ్డ చదువు అబ్బకపోయినా తలరాతే. ఈ మాట వెనక ఒక పాత నమ్మకం ఉంది. మనిషి పుట్టకముందే బ్రహ్మ పుర్రె మీద వాడి బతుకంతా రాసి పంపుతాడట. ఎండిన పుర్రె మీద వంకరటింకరగా కనిపించే గీతలే ఆ రాత అని పల్లెల్లో పెద్దలు చూపించేవారు.

ఆ గీతలు నిజంగా ఉన్నాయి. అయితే అవి రాత కాదు, అతుకులు. పుర్రె ఒకే ఎముక కాదు, అనేక పలకల కూర్పు. పుట్టినప్పుడు ఆ పలకలు కలిసిపోయి ఉండవు. నడినెత్తిన మెత్తగా కొట్టుకునే మాడు అందుకే. బిడ్డ పుట్టేనాటికి మెదడు పెద్దవాళ్ల మెదడులో నాలుగో వంతు మాత్రమే ఉంటుంది. తక్కిన మూడు వంతులూ బయటి లోకంలో, తల్లి పాల మీద, ఇంటి కూటి మీద, చుట్టూ ఉన్న మనుషుల మాటల మధ్య పెరగాలి. అలా పెరిగే మెదడుకు చోటివ్వడానికే ఆ అతుకులు చాలాకాలం పూర్తిగా మూసుకోకుండా ఉంటాయి. అంటే, భావవాది విధిలిఖితంగా చదివిన గీతలు నిజానికి మనిషి ఇంకా పూర్తికాలేదని చెప్పే గుర్తులు. రాత ముందే ముగిసిందని ఆయన అంటున్నాడు. రాయవలసింది ఇంకా ఉందని ఎముక అంటున్నది.

ఆ మిగిలిన రాతను రాసేదెవరన్నది ఈ వ్యాసం ప్రశ్న. జవాబు కోసం గ్రీసు దాకా పోనక్కరలేదు. హిందూపురానికి పదిహేను కిలోమీటర్ల దూరంలో ఉన్న లేపాక్షి దగ్గర మొదలుపెట్టవచ్చు.

చేయి, మెదడు

లేపాక్షి వీరభద్రాలయం అచ్యుత దేవరాయల పాలన (1529-42) నాటిది. విజయనగర పాలనలో అధికారి అయిన విరూపణ్ణ, ఆయన సోదరుడు వీరణ్ణ కట్టించారని ప్రసిద్ధి. ఊరి మొగదల ఒకే రాతిలో తొలిచిన నంది సుమారు 27 అడుగుల పొడవు, 15 అడుగుల ఎత్తు ఉంటుంది. మంటపం పైకప్పు నిండా వర్ణచిత్రాలు. పోషకుల పేర్లు మనకు తెలుసు. ఆ రాళ్లను తొలిచినవాళ్ల పేర్లు, ఆ రంగులు నూరినవాళ్ల పేర్లు మాత్రం ఊరివాళ్ల నోట వినపడవు. కానీ జనం ఆ శ్రామికుల గురించి ఒక కథ మిగుల్చుకున్నారు. మధ్యాహ్నం వంట ఆలస్యమైందట. తల్లి వంట ముగించేలోగా, ఊరికే కూర్చోలేక, పక్కనున్న బండను ఏడు పడగల నాగలింగంగా చెక్కేశారట. ఆలయ ఆవరణలో రాతి నేల మీద పళ్లేల ఆకారంలో తొలిచిన గుంటలను చూపించి, ఆ శిల్పులు అన్నం తిన్నవి అవేనని కూడా చెబుతారు.

ఈ కథలు చరిత్ర కాకపోవచ్చు. కానీ వాటిలో పండితుల గ్రంథాల్లో దొరకని వివేకం ఉంది. నైపుణ్యం గురించి చెప్పేటప్పుడు జనం కూటిని మరచిపోలేదు. చేయి, మెదడు, అన్నం అనే మూడింటినీ ఒకే కథలో కట్టారు. మెదడు పరిణామ చరిత్ర కూడా సరిగ్గా ఈ మూడింటి చరిత్రే.

ఈ సంగతి గుర్తించడానికి శాస్త్రలోకానికి చాలాకాలం పట్టింది. డార్విన్ 1871లో మానవావిర్భావం గురించి రాసిన తరవాత కూడా, మనిషిని మనిషిని చేసింది మొదట మెదడేనని, తక్కినదంతా తరవాత వచ్చిందని చాలామంది విద్వాంసులు నమ్మారు. ఆలోచించేవాడు ముందు, పనిచేసేవాడు వెనక అనే వర్గసమాజపు పీటల వరసే పరిణామంలోనూ ఉంటుందనుకున్నారు. 1912లో ఇంగ్లండులో పిల్ట్ డౌన్ దగ్గర దొరికిందన్న పుర్రెను గౌరవంగా నమ్మడానికి ఇదొక ముఖ్య కారణం. పెద్ద మెదడు, కోతి దవడ: వాళ్లకు కావలసిన పూర్వీకుడు సరిగ్గా అలాగే ఉన్నాడు. అది మనిషి పుర్రెకు ఒరాంగుటాన్ దవడ అతికించిన మోసమని 1953లో గాని బయటపడలేదు.

ఎంగెల్స్ 1876లో, వానరం మనిషిగా మారడంలో శ్రమ పాత్ర గురించి రాసిన అసంపూర్ణ వ్యాసంలో దీనికి ఎదురు వాదన చేశాడు. నిటారుగా నడవడం వల్ల చేయి ఖాళీ అయింది. చేయి పనిచేసింది. పని మనుషులను దగ్గర చేసింది. దగ్గరైనవాళ్లకు మాట అవసరమైంది. చేయి, మాట కలిసి మెదడును పెంచాయి. ఆ వ్యాసం అచ్చయింది ఆయన మరణించిన తరవాత, 1896లో. దాన్ని శాస్త్రజ్ఞులు చాలాకాలం పట్టించుకోలేదు. 1974లో ఇథియోపియాలో "లూసీ" అని పేరుపెట్టిన అస్థిపంజరం దొరికింది. దాని వయస్సు సుమారు 32 లక్షల ఏళ్లు. ఆ జాతి రెండు కాళ్ల మీద నడిచింది. మెదడు మాత్రం చింపాంజీ మెదడు కంటే కొద్దిగానే పెద్దది. కాళ్లు ముందు, చేయి తరవాత, పెద్ద మెదడు చాలా ఆలస్యంగా. వివరాల్లో ఎంగెల్స్ కాలానికి అందని సంగతులు ఎన్నో ఉన్నా, వరస విషయంలో ఆయన అంచనా నిలబడింది. ఇప్పటికి తెలిసిన అత్యంత పాత రాతి పనిముట్లు, కెన్యాలో దొరికినట్టు 2015లో ప్రకటించినవి, 33 లక్షల ఏళ్లనాటివి. పెద్ద మెదడు పుట్టకముందే రాయి మీద రాయి పడింది.

ఇదంతా ఎక్కడో ఆఫ్రికా కథ అనుకోనక్కరలేదు. రాయలసీమలోనే, పూర్వపు కర్నూలు జిల్లా జ్వాలాపురంలో, సుమత్రా దీవిలోని టోబా అగ్నిపర్వతం సుమారు 74 వేల ఏళ్ల కిందట ఎగజిమ్మిన బూడిద పొర ఉంది. ఆ పొర కిందా, పైనా కూడా రాతి పనిముట్లు దొరికాయని 2007లో పరిశోధకులు ప్రకటించారు. అంతటి ఉత్పాతం ముందూ వెనకా ఈ సీమలో చేయి రాయిని వదలలేదు. లేపాక్షి ఉలికి అంత పొడవైన వంశవృక్షం ఉంది.

1876: రెండు కొలతలు

ఎంగెల్స్ ఆ వ్యాసం రాసిన 1876 సంవత్సరాన్ని తెలుగువాళ్లు మరో పేరుతో గుర్తుపెట్టుకున్నారు. ధాత కరువు. లేపాక్షి ఉన్న ప్రాంతం అప్పుడు బళ్లారి జిల్లాలో భాగం. 1882లో అనంతపురం వేరు జిల్లా అయింది. 2022లో ఆ జిల్లాను విభజించినప్పుడు లేపాక్షి శ్రీ సత్యసాయి జిల్లాలోకి వచ్చింది. జిల్లాల పేర్లు మారాయి. ఏడాదికి సుమారు 550 మిల్లీమీటర్ల వాన మాత్రమే చూసే నేల మారలేదు.

ఆ కరువులో దక్షిణ భారతంలో లక్షల మంది చనిపోయారు. వలస ప్రభుత్వం కరువు ఖర్చు తగ్గించడానికి సర్ రిచర్డ్ టెంపుల్ ను పంపింది. 1877 జనవరిలో ఆయన సహాయపు పనుల్లో మట్టిమోసే కూలీకి రోజుకు ఒక పౌను ధాన్యం, పైన కొద్దిపాటి చిల్లర చాలునని తేల్చాడు. పౌను అంటే అర్ధ కిలో కూడా కాదు. మద్రాసు ప్రభుత్వ ఆరోగ్యాధికారి డాక్టర్ కార్నిష్ దీన్ని గట్టిగా వ్యతిరేకించాడు. ఆ తిండితో ఆ పని చేసే మనిషి క్షీణించి చస్తాడని వాదించాడు. కొన్ని నెలల తరవాత కూలి రేటు సవరించక తప్పలేదు. ఈలోగా పోయినవాళ్లు పోయారు.

ఆ తరవాత పాతికేళ్లు గడవకముందే అదే పాలకులు మరో కొలబద్ద తెచ్చారు. 1890ల నుంచి మద్రాసు మ్యూజియం అధికారి ఎడ్గార్ థర్ స్టన్ దక్షిణాది కులాల, తెగల మనుషుల తలల పొడవు వెడల్పులు, ముక్కుల పొడవు వెడల్పులు కొలుస్తూ తిరిగాడు. 1909లో ఏడు సంపుటాలు అచ్చయ్యాయి. మొదట తిండిని కొలిచి తగ్గించారు, తరవాత తలను కొలిచి తరగతులు కట్టారు. బ్రహ్మరాతకు ఇది కొత్త ముద్రణ. పుర్రె మీద గీతలను పురోహితుడు చదివాడు, పుర్రె చుట్టుకొలతను దొర చదివాడు. ఇద్దరి సారాంశమూ ఒకటే: నీ స్థానం నీ తలలోనే ఉంది. ఈ శాస్త్రాభాసానికి అప్పుడే గట్టి దెబ్బ కొట్టినవాడు ఫ్రాంజ్ బోస్. అమెరికాకు వలస వచ్చినవాళ్ల పిల్లల తల ఆకారం తల్లిదండ్రుల తల ఆకారానికి భిన్నంగా ఉందని 1911 నాటికి చూపించాడు. జాతికి శాశ్వత లక్షణమనుకున్నది ఒక్క తరంలో కదిలింది.

కణం కథ

ఇంతకూ పుర్రె లోపల ఏముంది? 1873లో ఇటలీలో కామిల్లో గోల్జి వెండి లవణంతో మెదడు పొరలకు రంగు ఎక్కించే పద్ధతి కనిపెట్టాడు. వేలాది కణాల్లో ఏ కొన్నింటికో నల్లరంగు పట్టి, కొమ్మలూ వేర్లతో సహా బయటపడేవి. స్పెయిన్ లో రామోన్ కజాల్ ఆ పద్ధతినే మెరుగుపరచి, 1888 నుంచి మెదడు విడివిడి కణాల కూడిక అని నిరూపిస్తూ వచ్చాడు. పెద్ద జంతువుల మెదడులో కొమ్మలు కలగాపులగంగా అల్లుకుని ఉంటాయి కాబట్టి, ఆయన పిండాలనూ పసికూనలనూ పరిశీలించాడు. దట్టంగా పెరిగిన చేనులో ఏ మొక్క వేరు ఏదో తెలియదు, మొలక దశలో తెలుస్తుంది. అంటే, మెదడు నిర్మాణం అర్థమైంది దాని పెరుగుదలను చూసినప్పుడే. గోల్జి మాత్రం అదంతా విడదీయరాని ఒకే వల అని చివరిదాకా వాదించాడు. 1906లో ఇద్దరికీ కలిపి నోబెల్ బహుమతి ఇచ్చారు.

ఈనాటి లెక్క ప్రకారం మనిషి మెదడులో సుమారు 8,600 కోట్ల నాడీకణాలున్నాయి. వాటికి ఇంచుమించు సమానంగా, వాటిని పోషించే, శుభ్రంచేసే, తంతువులకు కొవ్వు తొడుగు వేసే సహాయక కణాలున్నాయి. చాలాకాలం వీటిని వట్టి జిగురుగా కొట్టిపారేశారు. ఇప్పుడు ఈ "సేవక" కణాలు లేకుండా ఆలోచన సాగదని తెలిసింది.

గర్భంలో నాలుగో వారానికల్లా నాడీగొట్టం మూసుకుంటుంది. తల్లికి తాను గర్భవతినని స్పష్టంగా తెలిసేలోపే మెదడుకు పునాది పడిపోతుంది. ఆ సమయంలో ఫోలిక్ ఆమ్లం చాలకపోతే గొట్టం సరిగా మూసుకోక బిడ్డ పుట్టుకతోనే దెబ్బతినవచ్చు. ఈ ఆమ్లం చరిత్రలో మన నేల రెండుసార్లు కనిపిస్తుంది. 1928 తరవాత లూసీ విల్స్ బొంబాయిలో మిల్లు కార్మిక స్త్రీల రక్తహీనతను పరిశోధిస్తూ దాని జాడ పట్టింది. భీమవరంలో 1895లో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు నాయకత్వంలోని బృందం 1945లో అమెరికాలో దాన్ని కృత్రిమంగా తయారుచేసింది. గర్భానికి ముందు నుంచీ దాన్ని తీసుకుంటే నాడీగొట్టపు లోపాలు చాలావరకు ఆగుతాయని 1991లో ఒక పెద్ద ప్రయోగం నిరూపించింది. సహజంగా అది దొరికేది ఆకుకూరల్లో, పప్పుల్లో. కరువులో మొదట మాయమయ్యేవి అవే.

నాడీకణాల్లో అత్యధిక భాగం పుట్టుకకు ముందే తయారవుతాయి. పుట్టిన తరవాత పెరిగేది కణాల సంఖ్య కంటే వాటి మధ్య సంబంధాలు. మొదటి రెండేళ్లలో ఈ సంబంధాలు అవసరానికి మించి మొలుస్తాయి. తరవాత వాడినవి గట్టిపడతాయి, వాడనివి తొలగిపోతాయి. రైతు మాటల్లో చెప్పాలంటే చిక్కగా విత్తి, పలచన చేయడం. ముందు భాగపు మెదడులో ఈ పని యౌవనం దాకా సాగుతుంది. ఇదంతా జరగడానికి ఇంధనం కావాలి. పెద్దవాళ్ల మెదడు శరీరం బరువులో రెండు శాతమే ఉండి, విశ్రాంతిలో ఖర్చయ్యే శక్తిలో అయిదో వంతు తీసుకుంటుంది. నాలుగైదేళ్ల పిల్లల్లో రోజంతా ఖర్చయ్యే శక్తిలో 40 శాతం పైగా మెదడుకే పోతుందని లెక్కగట్టారు. ఆ వయసు బిడ్డకు సగం కడుపు అన్నం పెట్టడమంటే ఏమిటో ఈ ఒక్క అంకె చెబుతుంది.

హైదరాబాదు సాక్ష్యం

1918లో కూనూరులో మొదలైన పోషకాహార పరిశోధనశాల 1958లో హైదరాబాదుకు వచ్చింది. 1969లో జాతీయ పోషకాహార సంస్థ అయింది. అక్కడ చంపకం, శ్రీకంఠయ్య, గోపాలన్ 1968లో ఒక చిన్న అధ్యయనం ప్రచురించారు. ఏడాదిన్నరకూ మూడేళ్లకూ మధ్య వయసులో క్వాషియోర్కర్ జబ్బుతో చికిత్స పొంది బతికిన 19 మంది పిల్లలను, వాళ్లకు ఎనిమిది నుంచి పదకొండేళ్లు వచ్చాక పరీక్షించారు. అదే కులం, అదే ఆర్థిక స్థితి, అదే కుటుంబ పరిమాణం, తల్లిదండ్రులకు అదే చదువు ఉన్న ఇతర పిల్లలతో పోల్చారు. జబ్బుపడి లేచిన పిల్లలు తెలివి పరీక్షల్లో స్పష్టంగా వెనకబడ్డారు.

దీన్ని తొందరపడి చదివితే ప్రమాదం ఉంది. "కరువు బిడ్డ మెదడు పాడైపోయింది, ఇక చేయగలిగింది లేదు" అని ఒక కొత్త తలరాత తయారవుతుంది. పురోహితుడి రాత, దొర రాత అయిపోయాక ఇది జాలిపరుడి రాత. కానీ ఆ అధ్యయనంలోనే మరో సంగతి ఉంది. చిన్న పిల్లల్లో కంటే పెద్ద పిల్లల్లో ఆ తేడా తక్కువగా కనిపించింది.

మరో రెండు సాక్ష్యాలు చూద్దాం. 1944-45 చలికాలంలో నాజీ దిగ్బంధం వల్ల పశ్చిమ హాలెండులో కొన్ని నెలలపాటు ఘోరమైన కరువు వచ్చింది. ఆ నెలల్లో తల్లుల కడుపున ఉన్న బిడ్డలను, 19 ఏళ్ల వయసులో సైనిక పరీక్షకు వచ్చినప్పుడు, లక్షకు పైగా యువకుల రికార్డుల్లో పరిశీలించారు. వాళ్ల తెలివిలో తేడా కనిపించలేదని 1972లో ప్రకటించారు. కరువు తీవ్రంగా ఉన్నప్పుడు గర్భంలో పడినవాళ్లలో మాత్రం నాడీ మండలపు పుట్టులోపాలు, కొన్ని మానసిక వ్యాధులు పెరిగినట్టు పరిశోధనల్లో తేలింది. రెండో సాక్ష్యం 1975 నాటిది. పసితనంలో తీవ్రంగా ఆకలిపడ్డ కొరియా అనాథ శిశువులు, మూడేళ్లలోపే అమెరికా కుటుంబాలకు దత్తు వెళ్లినవాళ్లు, బడికి వచ్చేసరికి తెలివి పరీక్షల్లో అమెరికా పిల్లల సగటును అందుకున్నారు. మొదటి నుంచీ బాగా తిన్న కొరియా శిశువుల కంటే మాత్రం కొంచెం వెనకే ఉన్నారు.

ఈ మూడు సాక్ష్యాలూ పైకి ఒకదానికొకటి విరుద్ధం. కలిపి చూస్తే విరుద్ధం కాదు. హాలెండులో కరువు ఒక చలికాలంతో ముగిసింది. తరవాత పాలూ రొట్టే బడీ వచ్చాయి. కొరియా బిడ్డకు ఆకలి తరవాత కొత్త ఇల్లు దొరికింది. హైదరాబాదు బిడ్డ ఆసుపత్రి నుంచి బయలుదేరి ఏ ఇంటి నుంచి వచ్చాడో ఆ ఇంటికే తిరిగి వెళ్లాడు. మెదడును దెబ్బతీసేది ఒక్కరోజు ఆకలి కాదు, ఆకలి తరవాత మళ్లీ ఆకలే ఉండడం. పోషణ లోపించిన బిడ్డ ఆడదు, అడగదు, అంటే చుట్టూ ఉన్నవాళ్ల నుంచి మాట రాబట్టలేదు. కూలికి పోయిన తల్లికి బిడ్డతో మాట్లాడే తీరిక లేదు. అన్నం లేమి, మాట లేమి ఒకదాన్నొకటి పెంచుతాయి. ఈ చక్రం ప్రకృతి కాదు, సామాజిక వ్యవస్థ.

"వాన రాకపోతే ప్రభుత్వమేం చేస్తుంది?" అనేవాళ్లున్నారు. వాన తక్కువ కావడం ప్రకృతే. కానీ ఈ సీమ తిన్నది రాగి సంగటి, కొర్ర, జొన్న. 20వ శతాబ్దపు రెండో సగంలో ఆ చేలను వేరుశనగ ఆక్రమించింది. ఇంటి గాదె కోసం పండేది తగ్గి, మార్కెట్ యార్డు కోసం పండేది పెరిగింది. మైసూరులోని కేంద్ర ఆహార పరిశోధనశాల వేరుశనగ పిండికి శనగపిండి కలిపి పోషకాహారం తయారుచేసింది. అంత మాంసకృత్తులున్న గింజను లారీల కొద్దీ బయటకు పంపిన జిల్లాలోనే పిల్లలు మాంసకృత్తులు చాలక పెరిగారు. ఇది వాన చేసిన పని కాదు. 1975 అక్టోబరు 2న మొదలైన సమగ్ర శిశు అభివృద్ధి పథకం, దాని అంగన్ వాడీలు ఈ లోటును కొంత పూడ్చాయి. అయినా 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో ఆంధ్రప్రదేశ్ లో అయిదేళ్లలోపు పిల్లల్లో 31 శాతం మంది వయసుకు తగ్గ ఎత్తు లేనివాళ్లుగా తేలారు. ఎత్తు కొలవడానికి కర్ర చాలు. లోపల ఏం తగ్గిందో కొలిచే కర్ర లేదు.

రచయితలకు దీనితో ఏం పని?

లేపాక్షి అనే పేరుకు ఒక కథ చెబుతారు. ఖజానా సొమ్ము గుడికి ఖర్చుపెట్టాడన్న నింద మీద విరూపణ్ణ తన కళ్లు తానే పీకి గోడకు విసిరాడని, గోడ మీది ఎర్ర మరకలు అవేనని. "లే, పక్షీ" అని రాముడు జటాయువును పిలిచాడన్నది మరో కథ. మొదటి కథ కన్నుపోతే చూపు పోతుందంటుంది. 1960లలో హ్యూబెల్, వీజెల్ పిల్లికూనల మీద చేసిన ప్రయోగాలు ఇంకొక అడుగు ముందుకు వేశాయి. పసితనంలో కొన్ని వారాలు రెప్ప కుట్టి ఉంచిన కన్ను, తరవాత తెరిచినా చూడలేకపోయింది. కన్ను బాగానే ఉంది. దానితో సంబంధం పెట్టుకోవలసిన మెదడు కణాలు రెండో కంటి వైపు వెళ్లిపోయాయి. 1981లో వాళ్లకు నోబెల్ బహుమతి వచ్చింది. చూపుకు పుట్టుక ఒక్కటే చాలదని, సకాలంలో చూసే అనుభవం కూడా కావాలని తేలింది.

మరి కాలం దాటినవాళ్ల మాటేమిటి? అక్షరం విషయంలో ఆశ ఉంది. ఉత్తరప్రదేశ్ పల్లెల్లో చదువురాని వయోజనులకు ఆరు నెలలు దేవనాగరి లిపి నేర్పి, ముందూ వెనకా మెదడును పరీక్షించినవాళ్లు, మెదడు లోతట్టు భాగాల సంబంధాల్లో మార్పు చూశామని 2017లో ప్రకటించారు. ముప్ఫై ఏళ్లు దాటినా మెదడు అక్షరానికి చోటిచ్చింది. ఆ పల్లెవాసులు అంతదాకా చదవకపోవడానికి కారణం వాళ్ల తలలో లేదు, ఊళ్లో ఉంది.

మన కథల్లో, నాటికల్లో "మట్టిబుర్ర" పాలేరు నవ్వించడానికి వస్తాడు. కరువు కథల్లో పేదవాడు మాటరాని మూగజీవిగా, కళ్లనీళ్లకు పాత్రగా వస్తాడు. మొదటిది ఎగతాళి, రెండోది జాలి. రెండూ ఆ మనిషి లోపల చరిత్ర లేదనే అంటున్నాయి. వేరుశనగ చేలో ఏ మబ్బు కురుస్తుందో, ఏ మబ్బు మోసం చేస్తుందో తెలిసిన రైతు మెదడులో ఎన్ని ఏళ్ల పరిశీలన కూడి ఉందో రాసిన కథలు మనకెన్ని ఉన్నాయి? అదే రైతు బిడ్డ మూడో ఏట ఎందుకు ఆడడం మానేసిందో రాసినవి ఎన్ని?

ఆకలి మెదడును దెబ్బతీస్తుందన్న నిజాన్ని దాచకూడదు. దాస్తే పాలకుడు తప్పించుకుంటాడు. ఆ దెబ్బ తీరనిదని ప్రచారం చేయకూడదు. చేస్తే పాలితుడు లొంగిపోతాడు. తిండి, మాట, ఆట, అక్షరం సకాలంలో అందిన చోట దెబ్బతిన్న మెదడు కూడా ఎలా కోలుకున్నదో చరిత్ర చూపించింది. ఈ రెండు నిజాలనూ ఒకే పాత్రలో, ఒకే కథలో నిలబెట్టడం కష్టం. అభ్యుదయ సాహిత్యం చేయవలసిన పని అదే. బిడ్డ నడినెత్తి మీద మాడు ఇంకా కొట్టుకుంటున్నంతకాలం తలరాత పూర్తి కాలేదు. దాన్ని రాస్తున్నది కూలి రేటు, రేషను దుకాణం, అంగన్ వాడీ గుడ్డు, బడి. వాటి కోసం జరిగే పోరాటం మెదడు పరిణామ చరిత్రలోని ఈనాటి అధ్యాయం.